వేహిర

కన్నతల్లి పేరు పెట్టవలసిన చోట చెల్లెలు సూర్యకళ ఆ పేరు ఎందుకు పెట్టింది? ఈ అనుమానం ఎనిమిదేళ్లుగా ఉప్పలయ్య మనసులో కాలిలో విరిగిన ముల్లులా ఉండిపోయింది. రోజూ నడుస్తూనే ఉంటాడు. ఎప్పుడో ఒకసారి కలుక్కుమంటుంది.

అప్పటికి వాళ్ల అమ్మ యాదమ్మ పోయి ఏడాది కాలేదు. నాచారంలో ఉప్పలయ్య పనిచేసే పైపుల కంపెనీ వెనక, అద్దె ఇంట్లో, ఇరవయ్యొకటో రోజున అతని బిడ్డకు తొట్టెల వేసి పేరు పెట్టారు. ఆడపిల్ల పుడితే అమ్మ పేరేనని ఉప్పలయ్య ముందే అందరికీ చెప్పి ఉంచాడు. ఆచారం ప్రకారం మేనత్త సూర్యకళ తొట్టెల మీదికి వంగి, కొంగు చాటు చేసి, పిల్ల చెవిలో ముమ్మారు పేరు చెప్పింది. తర్వాత తలెత్తి పైకి అన్నది.

"వేహిర."

పక్కింటి ముసలమ్మ ఒకామె, "అదేం పేరే, తుమ్మినట్టున్నది" అన్నది. నలుగురూ నవ్వారు. ఉప్పలయ్య భార్య, బాలింత దుర్గమ్మ నవ్వలేదు.

"అర్థం ఏంది చెల్లె?" అని అడిగాడు ఉప్పలయ్య.

"మంచి పేరే అన్నా" అన్నది సూర్యకళ. అంతకు మించి ఆనాడూ చెప్పలేదు, తర్వాతా చెప్పలేదు.

చెవిలో పడ్డ పేరును మార్చకూడదు. కాబట్టి అదే ఉండిపోయింది. గుడిలో అర్చన చేయిస్తే పూజారి ఆ పేరును రెండుసార్లు అడిగి, మూడోసారి ఊహించుకొని చదివేవాడు. అర్థం ఏమిటని ఒక అయ్యగారిని అడిగితే, అటువంటి మాట తాను ఎక్కడా వినలేదన్నాడు. ఉప్పలయ్య రోజూ దీపం పెట్టనిదే టిఫిన్ డబ్బా పట్టని మనిషి. బిడ్డను పిలిచినప్పుడల్లా నోటికి దేవుడి పేరో పెద్దల పేరో రావాలని ఆశపడ్డాడు. పిల్లకు జ్వరం వస్తే పోయిన అమ్మకు కోపం వచ్చిందేమోనని భయపడేవాడు. దుర్గమ్మ మాత్రం దాచుకునేది కాదు.

"కన్నతల్లి పేరు నోట రాలేదు నీ చెల్లెకు. గసొంటి మనిషిని ఏం పిలుస్తం?" అనేది.

రాకపోకలు పలచబడ్డాయి. సూర్యకళ ఉండే ఉప్పల్‌కూ నాచారానికీ మధ్య దూరం పెద్దది కాకపోయినా, పండుగలు ఒక్కొక్కటిగా మానుకుంటే దూరం దానంతట అదే పెరుగుతుంది.

సకల జనుల సమ్మె జరిగిన ఏడు, ఎండాకాలంలో సూర్యకళ భర్త భూపాల్ కామెర్లతో పోయాడు. ఆటో నడిపేవాడు. పిల్లలు లేరు. పెద్దల అమావాస్య, పెత్తరమాస నాడు అతని పేరున బియ్యం ఇవ్వడానికి సూర్యకళ ఒక్కతే గుడికి పోవడం ఉప్పలయ్యకు సరి అనిపించలేదు. సమ్మెతో బస్సులు లేవు. దుర్గమ్మ మూతి ముడుచుకున్నా, సైకిల్ మీద ఉప్పల్ వచ్చాడు.

శివాలయం మండపంలో అయ్యగారు కూర్చొని, వచ్చినవాళ్ల బియ్యం, పప్పు, కూరగాయలు అందుకుంటూ పోయినవాళ్ల పేర్లు చదువుతున్నాడు. ఉప్పలయ్య తన తండ్రి పేరు, తల్లి పేరు చెప్పి ఇచ్చాడు. సూర్యకళ భూపాల్ పేరున ఇచ్చింది. ఇచ్చి లేవలేదు. సంచిలోంచి గుప్పెడు బియ్యం కట్టిన చిన్న మూట తీసింది.

"ఇదెవరికమ్మా?"

"నా బిడ్డకు."

"పేరు?"

సూర్యకళ మూట మీది ముడిని సవరించింది.

"పేరుండె అయ్యగారూ. ఇచ్చేసిన."

"ఇచ్చుడేందమ్మా?"

ఉప్పలయ్యకు మాత్రం తట్టింది. తన బిడ్డ పుట్టడానికి రెండేళ్ల ముందు చెల్లెలికి ఆడపిల్ల పుట్టి, తొమ్మిదో రోజున పోయింది. తువ్వాలలో చుట్టి తీసుకుపోయినవాళ్లలో తానూ ఉన్నాడు. ఇరవయ్యొకటో రోజు చూడని పిల్ల గనుక పేరు లేదనే అందరూ అనుకున్నారు. అయ్యగారిని ఆగమని చెప్పి, చెల్లెలిని మెట్ల దగ్గరికి తీసుకుపోయాడు.

"ఆ పేరు దానిదా?"

"ఆయనదే ఆలోచన" అన్నది సూర్యకళ. "ఆటో అడ్డా మీద ఎవలన్న భూపాల్ అంటే నలుగురు తిరిగి చూస్తుండిరట. మన బిడ్డకు గట్ల వద్దు, బస్తి మొత్తంల పిలిస్తే అదొక్కతే తిరిగి సూడాలె అన్నడు. రోజుకొకటి కల్పించి తెచ్చేది. ఒకటి ఇడ్లీ పేరు లెక్కుందని నేనే నవ్విన. ఆఖరికి ఇది దొరికింది. తొట్టెల దాక ఎవలకు చెప్పొద్దన్నడు."

"అంటే అర్థం లేదా?"

"లేదన్నా. అర్థం కోసం పెట్టలేదు. పిలుసుకునేటందుకు పెట్టినం."

"నాకన్న చెప్పొద్దా చెల్లె?"

"పోయిన పిల్ల పేరంటే వదినె ఊకుంటదా? పచ్చి బాలింత, బెదిరిపోతుండె. నీకు చెప్తే నువ్వు గుడులన్ని తిరుగుదువు." సూర్యకళ కొంగుతో ముఖం తుడుచుకుంది. "అమ్మ పేరే చెప్దామని వంగిన. ఒట్టు. నీ బిడ్డ చెవి సూడంగనే నోట్ల ఇదొచ్చింది. ఎవల్నీ పిలవని పేరాయె. మల్లొకసారి మీ ఇంటికొచ్చినప్పుడు ఆయన వేహిరా అని పిలిస్తే, నీ బిడ్డ ఆడుకుంటాడుకుంట తిరిగి సూసింది. ఆయన బయటికి పోయి ఎంతసేపటికీ లోపలికి రాలే."

ఆ రోజు ఉప్పలయ్యకు గుర్తుంది. బావ బీడీకి పోయాడనుకున్నాడు.

ఇద్దరూ మళ్లీ మండపంలోకి వచ్చారు. పిల్ల తొమ్మిదో రోజునే పోయిందని ఉప్పలయ్య చెబితే, అయ్యగారు మెత్తగానే అన్నాడు.

"పురుడు దాటని పసిగుడ్డుకు ఇవన్ని లేవమ్మా. పేరు లేకుంటే ఏమని చదవాలె? మూట ఇంటికి తీస్కపో."

సూర్యకళ తల ఊపి మూటను సంచిలో పెట్టబోయింది. శాస్త్రం ఏమంటుందో ఉప్పలయ్యకు తెలియదు. అంత చిన్న ప్రాణాన్ని పేరు లేదని దేవుడు గడప అవతల నిలబెడతాడా అని మాత్రం అనిపించింది. చెయ్యి చాచి మూట తానే అందుకున్నాడు.

"యాదమ్మ అని చదవున్రి అయ్యగారూ."

"మీ అమ్మగారిది ఇందాకనే అయ్యింది గదయ్యా."

"అమ్మకు కాదు. నా మేనకోడలుకు. అమ్మమ్మ పేరు పెట్టినం."

"ఎప్పుడు?"

"ఇప్పుడే."

అయ్యగారు అన్నాచెల్లెళ్లను మార్చి మార్చి చూశాడు. ఇంకేమీ అడగకుండా పళ్లెం ముందుకు జరిపాడు. ఉప్పలయ్య ముడి విప్పి మూటను చెల్లెలి చేతికి ఇచ్చాడు. అయ్యగారు పేరు చదువుతుంటే సూర్యకళ బియ్యం పోసింది. పది గింజలు కింద పడితే ఏరి అవీ వేసింది. ఆమె పెదవులు ఆ పేరును అనుకుంటున్నాయి, మొదటిసారి బిడ్డను పిలిచే తల్లి పెదవుల్లాగే. ఎనిమిదేళ్ల కిందట తన ఇల్లు పుచ్చుకున్న పేరుకు బదులు, ఉప్పలయ్య ఇవాళ మరో పేరు ముట్టజెప్పాడు.