మంచుకొండ బామ్మ యాస

నేను ఒక మైకుని. హైదరాబాదు కృష్ణానగర్‌లో ఒక డబ్బింగ్ స్టూడియో బీరువాలో, పాత వైర్ల మధ్య పడి ఉన్నాను. పుట్టింది పరదేశంలో. మద్రాసులో ఒక పాటల రికార్డింగ్ థియేటర్లో కొన్నాళ్లు రాజభోగం అనుభవించాను. వాళ్లకు కొత్త మోజు పుట్టగానే నన్ను వదిలించుకున్నారు. ఇక్కడికొచ్చి జపాన్ బొమ్మల సీరియళ్ల పాలబడ్డాను. మనుషులు నా ముందు నిలబడి ఏడుస్తారు, చస్తారు, వెంటనే బయటికెళ్లి టీ తాగుతారు. అలవాటైపోయింది.

అలా వచ్చినవాళ్లలో నాకు బాగా దగ్గరైన మనిషి కుసుమ. అసలు పేరు గున్నమ్మ. శ్రీకాకుళం వైపు పల్లె. మొదట్లో గుంపులో అరిచే గొంతు ఆమెది. 'లేదు' అనాల్సిన చోట 'నేదు' అంటే ఇంజనీరు గదిలో పడీపడీ నవ్వేవారు. పాపం, ఆ సిగ్గుతోనే పేరు మార్చుకుంది, యాస వదిలేసింది. పోనుపోను జపాన్ బొమ్మల్లో అల్లరి కుర్రాళ్లందరికీ ఆమే గొంతయింది. పిల్లలు ఆ గొంతు వినపడితే టీవీ వదిలేవారు కాదట. ఆమె మాత్రం ఊరి నుంచి ఫోనొస్తే మెట్ల మీదికి పరిగెత్తి గుసగుసగా మాట్లాడేది.

ఒక సీరియల్లో మంచుకొండల పల్లె నుంచి పట్నానికొచ్చిన బామ్మ ఉంది. జపాన్ భాషలోనూ ఆమెది పల్లె యాసే. కుసుమ హెడ్‌ఫోన్స్‌లోంచి ఆ జపాన్ నటి గొంతు కాస్త నాకూ వినిపించేది. ముసలమ్మను ఎంత ప్రేమగా పలికించిందో మహాతల్లి. కానీ డబ్బింగ్ చెప్పించే ఫణీంద్రకి కావాల్సింది నవ్వులు.

"బామ్మకి శ్రీకాకుళం పెట్టేద్దాం. కుసుమా, నీకొచ్చా?" అన్నాడు.

"ట్రై చేస్తాను సార్" అంది, ఏదో పరాయి భాష అడిగినట్టు. ఆ సాగదీత, ఆ దగ్గు, మాట చివర ఆ 'ఏటి', అన్నీ ఇంకాస్త వంకర చేసి మరీ చెప్పింది. బామ్మ తెగ పేలింది. అది ఎవరి గొంతో నాకు అప్పటికి తెలియదు.

తర్వాత కంటి వైద్యానికని కుసుమ తల్లి పోలమ్మ వచ్చింది. కూతురు పనిచేసే చోటు చూడాలని పట్టుబట్టింది. కుసుమ ఆమెను ఇంజనీరు గదిలో ఓ మూల కూర్చోబెట్టి, "ఎవరితోనూ మాట్లాడకమ్మా" అని మరీ మరీ చెప్పి అద్దం తలుపు ఇవతలికొచ్చింది. ఫణీంద్ర పలకరిస్తే ఆవిడ ఊరుకుంటుందా? ఆ గది స్పీకర్ తెరిచే ఉంది, మాటలన్నీ ఇవతలికీ వినిపించాయి.

"మా గుంట బాగా సెప్తందేటి బాబూ? సిన్నప్పుడు దీని నోట మాటే నేదు."

ఫణీంద్ర పగలబడి నవ్వాడు. "బామ్మ ఇక్కడే ఉందే! కుసుమా, మీ అమ్మగారినే దించేశావా?" అని నిన్నటి సీను పెట్టాడు. బామ్మ రైలు తలుపుతో పోట్లాడుతోంది. గదిలో అందరూ నవ్వారు. పోలమ్మ కూడా మొదట నవ్వింది. తర్వాత చుట్టూ చూసింది, నవ్వడం మానేసింది.

అద్దం తలుపు తోసుకుని కూతురి దగ్గరికొచ్చింది. కుసుమ తలెత్తలేదు. ఊపిరి కూడా బిగబట్టింది. అది నాకు తెలియకుండా ఎలా ఉంటుంది?

"అమ్మా, నాను..." అంది కుసుమ. ఎన్నాళ్లకో ఆ మాట ఆ నోట అలా వచ్చింది.

పోలమ్మ టీవీలో వార్తలు చదివేవాళ్లలా ఒక్కో మాటా కూడబలుక్కుంది. "నేను ఇంటికి వెళ్తానమ్మా. నువ్వు పని చూసుకో."

"నాతోటి అలగ మాటాడకే అమ్మా."

"ఇక్కడ ఇలాగే మాట్లాడాలి కదా. లేకపోతే నీకు నామోషీ."

ఆవిడ వెళ్లిపోయింది. కుసుమ సిగ్గుతో చచ్చిపోయింది. వెనకాలే పరిగెత్తుతుందేమో అని ఎదురుచూశాను.

"ఒక్క బామ్మ నవ్వు మిగిలింది కుసుమా, లాగించేద్దాం" అన్నాడు స్పీకర్లో ఫణీంద్ర.

చున్నీతో మొహం తుడుచుకుని హెడ్‌ఫోన్స్ పెట్టుకుంది. జపాన్ నటి మెత్తగా నవ్వింది. కుసుమ నా ముందు నిలబడి అచ్చం వాళ్లమ్మలా నవ్వింది.

మొదటి టేకే ఓకే అయింది.