వారానికో పేరు

1909లో, అమెరికాలో అయోవా రాష్ట్రంలోని మా కాలేజీ జట్టు తొమ్మిది ఆటలు ఆడింది. ఆ తొమ్మిది వారాలూ వాళ్ళకి శత్రువుని నేనే.

మా ఫుట్‌బాల్‌లో బంతిని చంకన పెట్టుకుని పరుగెత్తాలి, అవతలివాళ్ళు పడగొట్టాలి. అసలు జట్టుకి రోజూ సాధనలో పడగొట్టడానికి మనుషులు కావాలి కదా, అందుకు మేం, రెండో జట్టువాళ్ళం. శనివారం రాబోయే జట్టులో బాగా పరుగెత్తేవాడి తీరు ఎలా ఉంటుందో కోచ్ ప్రూయిట్ సోమవారమే చెప్పేవాడు. వారమంతా నేను వాడినే. ఒక వారం బౌడెన్‌ని, ఎడమకి వాలి పరుగెత్తాలి. ఇంకో వారం హస్కెట్‌ని, ఆగి ఆగి దూకాలి. అచ్చం వాళ్ళలాగే చేసేవాడిని, అదే నా కొంప ముంచింది. అందరూ ఆ పేర్లతోనే పిలిచేవారు. ఆన్సెల్ బ్రెక్కె అనే నా పేరు క్లాసు రిజిస్టరు దాటి బయటికి రాలేదు.

అసలు జట్టుకి వేరే భోజనాల బల్ల, పూటపూటా మాంసం. నాకు అద్దె ఇంట్లో ఉడికించిన చిక్కుడు గింజలు. గింజలతో నాకు పేచీ లేదు, ఒక్కడినే తినడంతోనే పేచీ. ఇంటావిడని ఉప్పు అడిగితే ఉప్పు ఇచ్చేది, అంతకు మించి మాట లేదు.

నవంబరు చివర్లో థాంక్స్‌గివింగ్ పండగ నాటి ఆఖరి ఆటలో ఒక్క నిమిషం ఆడినా చాలు, కాలేజీ పేరులోని మొదటి అక్షరం కుట్టిన స్వెటర్ ఇస్తారు. అందరి ముందూ పేరు చదివి మరీ ఇస్తారు. చలికి నాకో స్వెటర్ ఉంది. నాకు కావలసింది ఆ చదవడం. ఒక్కసారి చదివితే ఆ బల్ల దగ్గర నన్నూ ఎవరో ఒకరు పిలుస్తారని ఆశ.

ఆ రోజు పొద్దుట్నుంచీ వాన. రెండు జట్లూ బురదలో ఒకటే రంగైపోయాయి. మేం మూడు పాయింట్లు వెనకపడి ఉన్నాం. ఇక అయిదు నిమిషాలుందనగా మావాడొకడి భుజం విరిగింది. కోచ్ నా వైపు చెయ్యి ఊపి, "మార్లో, నువ్వెళ్ళు" అన్నాడు. మార్లో అవతలి జట్టువాడు. ఆ వారం నేను వాడినే మరి.

బంతి నా చేతికొచ్చింది. నాకు దారి చేస్తూ ముందు పరుగెత్తిన మా కెప్టెన్ క్రాఫ్ట్ ఎవరినో గుద్దుకుని పడ్డాడు. నేను పక్కనుంచి చుట్టి వచ్చి గీత వైపు తిరిగాను. ముందు క్రాఫ్ట్ తప్ప ఎవరూ లేరు, పది గజాల్లో గీత, అది దాటితే గెలుపే. క్రాఫ్ట్ కళ్ళల్లో బురద తుడుచుకుంటూ లేచాడు. బంతితో ఎదురొస్తున్న నన్ను చూశాడు. తొమ్మిది వారాలుగా రోజూ చేసిన పనే చేశాడు, మోకాళ్ళ కింద పట్టి నన్ను ఎత్తి పడేశాడు. బంతి జారింది, అవతలివాళ్ళు దాని మీద పడ్డారు. ఓడిపోయాం.

మర్నాడు మధ్యాహ్నానికి అద్దె ఇంట్లో అందరూ సెలవులకి వెళ్ళిపోయారు. నా గది తలుపు ఎవరో తట్టారు. ఆ ఏడాది అదే మొదటిసారి. క్రాఫ్ట్! కుర్చీ ఇస్తే మంచం మీదే కూర్చున్నాడు. కళ్ళు వాచి ఉన్నాయి. గంటసేపు తనని తానే తిట్టుకున్నాడు.

"నీ పరుగు నాకు తెలిసినంతగా ఇంకెవడిదీ తెలీదురా. మా తమ్ముడి నడక కూడా నాకంత తెలీదు. అందుకే ఆలోచించకుండా పట్టేశాను" అన్నాడు.

ఆ మాటకి నాకు ఏడుపొచ్చింది. సంతోషంతోనే వచ్చింది. ఇంకో గంట ఉంటే బాగుండుననిపించింది, కాఫీ తాగుతావా అని కూడా అడిగాను. రైలుకి వేళైందని లేచాడు. తలుపు దాకా వెళ్ళి, ఏదో గుర్తొచ్చినట్టు జేబులోంచి పెన్సిల్ తీశాడు.

"అన్నట్టు, స్వెటర్ల జాబితా కోచ్‌కి ఇవ్వాలి. నీ పేరేంటి?"

చెప్పాను. రాసుకున్నాడు. తొమ్మిది వారాల తర్వాత మొదటిసారి నా నోట నేనే విన్న ఆ పేరు కూడా ఆ వారానికే ఇచ్చినట్టు తోచింది.