మూడు హుక్కుల గౌను

యుద్ధం ముగిసి, గుడ్డ మీద రేషను ఎత్తేశాక పారిస్‌లో ఆడవాళ్ళ గౌన్లు గుడారాలంత విప్పారాయి. ఒక్క నడుముకి మాత్రం రేషను తొలగలేదు. నడుమంటే పిడికిట్లో ఇమడాలని లెమోనియే గారు తీర్మానించారు. ఊళ్ళోకెల్లా ఖరీదైన గౌన్లు ఆయన దుకాణంలోవే కాబట్టి, ఆయన తీర్మానం చట్టమై ఆడవాళ్ళ పొట్టల మీద కూర్చుంది. విందుల్లో గొప్పింటి ఇల్లాళ్ళు పళ్ళెంలో బఠాణీ గింజని అటూ ఇటూ తోసి, ఆకలి లేదని నవ్వేవారు.

ఆ దుకాణంలో గౌను కత్తిరించి, మనిషి మీద వేసి సరిచేసే పని ఒదీల్‌ది. సూదిలా సన్నగా ఉండేది. నోట్లో ఎప్పుడూ నాలుగు గుండుసూదులు ఉండేవి కనక మాటకారి కాదని పేరుపడింది. మాటలు లేక కాదు, సూదులు అడ్డం. లెమోనియే గారు మనిషిని నిలబెట్టి గౌను చూసేవారు. ఆయన అటు తిరగ్గానే ఒదీల్, "ఒక్కసారి కూర్చోండి తల్లీ" అనేది. కూర్చున్న మనిషి మొహంలో రంగు మారడం చూస్తే ఆమె ప్రాణం ఉసూరుమనేది.

దిజాన్‌లో ఆవముద్ద మిల్లున్న షావుకారు కూతురు జెర్మేన్‌కి పెళ్ళి కుదిరింది. బొద్దుగా, కలకల్లాడుతూ ఉండే పిల్ల. లెమోనియే గారు స్వయంగా పెళ్ళిగౌను బిగించి, "హంసలా ఉన్నావు" అన్నారు. హంస ఊపిరి తీసుకోలేక కళ్ళు తేలేసింది. పెళ్ళినాటి ఉదయం ముస్తాబుకి వెళ్ళిన ఒదీల్ చేయి పట్టుకుని, "అక్కా, విందులో మా నాన్న దూడమాంసం, బాతు, మూడు రకాల చీజు పెట్టిస్తున్నాడు. నా పెళ్ళికి నేను తినకూడదా?" అని ఏడ్చింది. ఒదీల్ తలుపు గడియ వేసి, పక్క కుట్టు విప్పి, లోపల మడిచి ఉన్న గుడ్డంతా వదిలేసింది.

అంతటితో పోయేది. కానీ జెర్మేన్‌కి కృతజ్ఞత ఎక్కువ. విందు నడుమ లేచి, అతిథులందరి ముందు, "లెమోనియే గారూ, మీ గౌనులో బాతు మూడుసార్లు వడ్డించుకున్నాను! మీరు దేవుడు!" అని అరిచింది.

దేవుడు పాలిపోయాడు. మర్నాడు ఒదీల్‌ని పిలిపించాడు.

"నా గౌనులో ఒక మనిషి మూడుసార్లు బాతు తిందా?"

"రెండేనేమో అయ్యా. పెళ్ళికూతురు కదా, సంతోషంలో లెక్క తప్పి ఉంటుంది."

"నేను కట్టేది నడుము. సత్రం కాదు. ఫో!"

ఒదీల్ కత్తెర సంచీలో పెట్టుకుని ఇంటికొచ్చింది. ఇల్లంటే మార్కెట్టుకి దగ్గర్లో, వీధి మొహాన రెండు గదులు. అక్కడ ఆమె పిన్ని ఫెర్నాండ్ ఉంటోంది. ఫెర్నాండ్ ముప్ఫై ఏళ్ళు మార్కెట్టు హమాలీలకి పూటకూళ్ళిల్లు నడిపింది. దాని యజమాని భవనం అమ్మేసుకోవడంతో గరిటె పట్టుకుని ఈ రెండు గదుల్లో చిక్కుపడిపోయింది.

"పనిలోంచి తీసేశారా? మంచిపని చేశారు," అంది ఫెర్నాండ్. "ఆ ముసలి నెమలి దగ్గర నువ్వెన్నాళ్ళని ఈకలు కుడతావే? ముందు గది నీది, వెనక గది నాది. కుట్టుకో."

"ఎవరొస్తారు పిన్నీ?"

మొదట వచ్చింది జెర్మేనే. తనవల్ల ఒకరి నోటి దగ్గర కూడు పోయిందని తెలిసి, మొగుణ్ణి తీసుకుని పరుగెత్తుకొచ్చి, ఆకుపచ్చ పట్టుగౌను కుట్టమంది. తొడిగి చూసే రోజున సరిగ్గా మధ్యాహ్నమైంది. వెనక గదిలో ఫెర్నాండ్ ఎర్ర వైన్‌లో మాంసం ఉడికిస్తోంది. ఆ వాసనకి జెర్మేన్ ముక్కు తనంతట తానే వంటింటి వైపు తిరిగింది.

"కూర్చోవే తల్లీ, రెండు ముద్దలు తిని పో," అంది ఫెర్నాండ్.

"గౌను విప్పి కూర్చోండి," అంది ఒదీల్ కంగారుగా.

"ఇంత కష్టపడి విప్పుకుని తినడానికి అదేమన్నా తుఫానులో వేసుకునే కోటా?" అని ఫెర్నాండ్ గిన్నె ముందు పెట్టేసింది.

సూపు బాగానే దిగింది. మాంసం దగ్గర గౌను మూలిగింది. చీజు ముక్క నోట్లో పెట్టుకోగానే పక్క కుట్టు టపటపా తెగింది. జెర్మేన్ సిగ్గుతో ముడుచుకుపోయింది. ఒదీల్ మాత్రం నోట్లోంచి గుండుసూదులన్నీ తీసేసి, తెగిన చోటునే కన్నార్పకుండా చూసింది.

"ఇక్కడ! పొట్ట పెరిగేది ముందుకి కాదు, ఇక్కడికి! ఇంతకాలం నిలబెట్టి కొలుస్తున్నాం కనక కనపడలేదు!"

ఆ వారమంతా ఆమె కత్తిరించడం, కుట్టడం, విప్పడం. చివరికి ఎడమ పక్క ఒక లోమడత పెట్టి, దాన్ని మూడు చిన్న హుక్కులతో మూసింది. ఎడమచేత్తో తడిమి ఒక్కొక్కటీ వదిలితే నడుము మెల్లగా వదులయ్యేది. పైనున్న గుడ్డ మడత దాన్ని కప్పేసేది. చూసేవాళ్ళకి నడుము నడుములానే ఉండేది. సూపు హుక్కు, మాంసం హుక్కు, చీజు హుక్కు అని వాటికి ఫెర్నాండే పేర్లు పెట్టింది. భోంచేసి చూడకుండా గౌను గడప దాటకూడదని ఒదీల్ నియమం పెట్టింది.

పుకారు విందుల్లోంచి విందుల్లోకి పాకింది. గొప్పింటి ఆడవాళ్ళు బల్ల దగ్గర మాట్లాడుతూ మాట్లాడుతూ ఎడమచేయి పక్కకి పోనిస్తే, ఎదుట కూర్చున్నావిడకి విషయం తెలిసిపోయేది. "ఎక్కడ కుట్టించారు?" అని గుసగుసలు. ముందు గదిలో చోటు చాలక జనం మెట్ల మీద నిలబడ్డారు.

అప్పుడు క్లోతిల్ద్ బ్రిసాక్ వస్తున్నట్టు కబురొచ్చింది. పత్రికలో బట్టల మీద ఆవిడ రాసే నాలుగు వాక్యాలతో దుకాణాలు లేచేవి, మూతపడేవి. కాఫీ, అరగుడ్డు, ఇతరుల కన్నీళ్ళు ఆవిడ ఆహారమని చెప్పుకునేవారు. పైగా ఆవిడ ఎంచుకున్నది లెమోనియే గారి కొత్త గౌన్ల ప్రదర్శన రోజు. ప్రదర్శన మధ్యాహ్నం మూడింటికి. దానికి ముందు వచ్చి, ఒదీల్‌ని ఒక్క దెబ్బతో తేల్చేసి పోదామని ఆవిడ ఆలోచన.

వచ్చింది. నల్లటి టోపీ, నల్లటి తొడుగులు. ఒదీల్ అందించిన గౌను తొడుక్కుని అద్దంలో చూసుకుంది.

"కుట్టు శుభ్రంగానే ఉంది," అంది, అదేదో నేరమన్నట్టు. "ఇక వెళ్తాను."

"తినకుండా వెళ్ళకూడదు మేడమ్. ఇక్కడి నియమం," అంది ఒదీల్.

"నేను మధ్యాహ్నం తినను."

"రాత్రి?" అంది ఫెర్నాండ్ గుమ్మంలోంచి.

"రాత్రీ తినను."

"అయ్యో పిచ్చిదానా, ఇంకెప్పుడు తింటావ్? చచ్చాకా?"

పారిస్‌లో ఎవరూ బ్రిసాక్‌ని పిచ్చిదానా అని పిలిచి బతికి లేరు. ఒదీల్ కళ్ళు మూసుకుంది. తెరిచేసరికి బ్రిసాక్ కుర్చీలో కూర్చుని ఉంది. "గుడ్డ సాగుతుందో లేదో చూడాలి. ఒక్క గరిటె," అంటోంది.

ఒక్క గరిటె ఉల్లిసూపు పోయింది. మరో గరిటె పోయింది. ఎడమచేయి పక్కకి వెళ్ళింది, హుక్కు టిక్కుమంది. మాంసం వచ్చింది. బ్రిసాక్ టోపీ తీసేసింది. రొట్టెముక్కతో గిన్నె తుడిచి, మళ్ళీ గిన్నె ముందుకి తోసింది. చీజు దగ్గర మూడో హుక్కు వదిలి, "నాలుగోది ఎక్కడుంది?" అని అడిగింది.

"మూడే మేడమ్," అంది ఒదీల్ భయంగా.

"అదొక్కటే లోపం," అని బ్రిసాక్ కుర్చీ వెనక్కి వాలి, కళ్ళు మూసి, హాయిగా గురక పెట్టడం మొదలెట్టింది.

రెండున్నరయింది. మూడయింది. "లేపుదామా పిన్నీ?" అంది ఒదీల్.

"ఎన్నేళ్ళ నిద్రో అది. లేపావంటే పాపం చుట్టుకుంటుంది."

అక్కడ లెమోనియే గారి హాల్లో ముందు వరసలో బంగారు కుర్చీ ఖాళీగా ఉంది. ఆవిడ లేకుండా మొదలెడితే పత్రికలో ఉతికేస్తుంది, మొదలెట్టకపోతే జనం తిడతారు. తెర వెనక అమ్మాయిలు బిగించిన నడుములతో నిలబడి నిలబడి ఒక్కొక్కరే గోడకి జారుతున్నారు. ఎవరో ఆవిడ జాడ చెప్పారు. నాలుగింటికి లెమోనియే గారు స్వయంగా ఒదీల్ గుమ్మంలోకి తుఫానులా వచ్చి, గురక విని ఆగిపోయారు. ఆవిణ్ణి లేపి, ఆవిడ కోపానికి గురికాగల మొనగాడు పారిస్‌లో లేడు. అందుకని ఆ మహా తగాదా మొత్తం గుసగుసల్లోనే సాగింది.

"దొంగా!" అన్నారు ఆయన గుసగుసగా.

"మీరే తరిమేశారు!" అంది ఒదీల్ గుసగుసగా. నోట్లో సూదులు లేవు. "పన్నెండేళ్ళు మీ గౌన్లలో మనుషులు మూర్ఛపోతుంటే మొహాన నీళ్ళు చల్లాను! కుట్టుపనికొచ్చానా, మంటలార్పడానికొచ్చానా?"

"అందం అంటే బాధ!"

"అయితే మీరు కట్టుకోండి!"

"నేను కట్టుకుంటూనే ఉన్నాను!" అని ఆయన నోరు జారి, వెంటనే నాలిక్కరుచుకున్నారు.

ఫెర్నాండ్ ఆయన్ని పైనుంచి కిందికి చూసింది. ఆ నిటారు నిలుపు, చొక్కా కింద బిగించిన నడుంపట్టీ గీత ఇప్పుడర్థమైంది. "అయ్యో నాయనా, ఎన్నేళ్ళ నుంచి?"

"ముప్ఫై," అన్నారు ఆయన, ఇంకా గుసగుసగానే.

"కూర్చో," అని గిన్నె పెట్టింది.

ఆయన గిన్నె వైపు చూశారు, తలుపు వైపు చూశారు. మింగలేక కక్కలేక ఒక నిమిషం నిలబడి, కూర్చున్నారు. మూడు ముద్దలు దిగాక వెయిస్టుకోటు బొత్తాం ఒకటి తుపాకి గుండులా ఎగిరి బ్రిసాక్ ముక్కుకి తగిలింది. ఆవిడ కళ్ళు తెరిచి, ఎదురుగా గడ్డం నిండా పులుసుతో ఉన్న లెమోనియేని చూసింది.

"మీ ప్రదర్శన మూడింటికి కదూ?"

"వాయిదా పడింది," అన్నారు ఆయన హుందాగా, రొట్టె అందుకుంటూ.

మర్నాటి పత్రికలో బ్రిసాక్ నాలుగు వాక్యాలు కాదు, నాలుగు కాలమ్‌లు రాసింది. సగం గౌను గురించి, సగం పులుసు గురించి. తర్వాతి ఋతువులో లెమోనియే గారి నడుములు కాస్త వదులయ్యాయి. అది తన చిరకాల స్వప్నమని ఆయన పత్రికలవాళ్ళకి చెప్పుకున్నారు. ఒదీల్ ఆ పేపరు చింపబోతే ఫెర్నాండ్ లాక్కుని, "చెప్పుకోనీవే. మన గౌనులో మనుషులు తింటున్నారు, ఆయన గౌనులో మనుషులు బతుకుతున్నారు. ఎవరికి నష్టం?" అంది.

ఆర్డర్లు పొంగిపొర్లి, కొన్నేళ్ళకి ఒదీల్ పెద్ద వీధిలో భవనం తీసుకుంది. నమూనా గీసుకొచ్చిన ఇంజనీరు, గౌన్లు తొడిగి చూసే హాలుకి నలువైపులా నేల నుంచి కప్పు దాకా అద్దాలు చూపించాడు. ఫెర్నాండ్ కళ్ళజోడు పెట్టుకుని కాగితమంతా వెతికింది.

"పొగగొట్టమేదయ్యా?"

"అమ్మా, ఇది గౌన్ల దుకాణం. వంటిల్లు పెడితే అద్దాలకి ఆవిరి పడుతుంది. గోడ కూడా ఖాళీ లేదు."

"అయితే నేను రాను. పాత గదుల్లోనే ఉంటాను," అని ఆవిడ గరిటె తీసుకుని లేచింది.

ఇంజనీరు ఒదీల్ వైపు తిరిగాడు, పెద్దావిడకి నచ్చజెప్పమన్నట్టు. ఒదీల్ పెన్సిలు అందుకుని, హాలు ఎదురుగోడ నడిమధ్యన ఉన్న అన్నిటికంటే పెద్ద అద్దమ్మీద అడ్డంగా గీత కొట్టింది.

"ఇక్కడ పొయ్యి పెట్టండి," అంది. "పెద్దది."