మందు ఎరగని ఒళ్ళు

మిరపాకు ముడుచుకుంటే దోనెలా ఉంటుంది.

అంచులు పైకి లేచి, లోపల గాలి తప్ప ఏమీ లేని చిన్న దోనె. వేళ్ళ మధ్య నలిపితే పచ్చి ఘాటు. ఆ ఘాటు గోళ్ళలో ఇరుక్కుంటే అన్నం కలిపేటప్పుడు మళ్ళీ తగులుతుంది.

అంకమ్మరావు చొక్కా జేబులో ఎప్పుడూ అలాంటి ఆకులుంటాయి. చొక్కా ఉతికే ముందు రాజ్యం జేబు తిరగేసి దులుపుతుంది. పెళ్ళయిన ఏడు నుంచీ దులుపుతూనే ఉంది.

దర్శి బజారులో పురుగుమందుల కొట్లు పక్కపక్కనే ఉంటాయి. అంకమ్మరావు ఒక కొట్టుకు పోయి బల్ల మీద ఆకు పెడతాడు. కొట్టువాడు ఆకు తిప్పి చూసి ఒక డబ్బా తీసిస్తాడు. ఆ మందు పట్టలేదా... పక్క కొట్టుకు పోతాడు. మళ్ళీ ఆకు పెడతాడు. ముందు ఏ మందు కొట్టాడో మాత్రం చెప్పడు.

చచ్చినా చెప్పడు.

చెబితే కొట్టువాడు తప్పంతా ఆ మందు మీదికి తోసేసి తన డబ్బా అంటగడతాడు. చెప్పకపోతే ఆకునే చూస్తాడు. ఆకును చూసినవాడే నిజం చెబుతాడు. ఇది అంకమ్మరావు ఒక్కడి తెలివి కాదు, ఆ నేల మీద మిరప వేసే ప్రతివాడి తెలివి. మొలవని విత్తనం, నీళ్ళు కలిపిన మందు, తెల్లమొహం వేసిన కొట్టువాడు — అన్నీ చూసి చూసి రాటుదేలిన తెలివి. దానితోనే వాళ్ళు ఇన్నేళ్ళు పైరు నిలబెట్టుకున్నారు.

ఆ తెలివినే అతను పెళ్ళాం ఒంటి మీద వాడాడు.

రాజ్యం మెడ పక్కన గడ్డ లేచింది. నొప్పి లేదు. నొప్పి లేని గడ్డను ఎవరు పట్టించుకుంటారు? చీర కొంగు కింద అది హాయిగా పెరిగింది. గుంటూరులో ఒక ఆస్పత్రివాళ్ళు ముక్క తీసి చూసి కాన్సరన్నారు. ఎర్ర మందు ఎక్కించారు.

ఎర్ర మందు...

పెద్ద సిరంజిలో వస్తుంది. సోడాబండి మీద షర్బతు సీసా ఉంటుందే, అచ్చం ఆ ఎరుపు. నరంలోకి చల్లగా పోతుంది. తర్వాత నోరంతా ఇనుప రుచి. తర్వాత కడుపులో చెయ్యిపెట్టి కెలికినట్టు వాంతులు. జుట్టు దిండు మీదే ఉండిపోయింది. పళ్ళ బిగువున కోర్సంతా పూర్తి చేసింది రాజ్యం. గడ్డ పోయింది. జుట్టు మొలిచింది. చేలో పత్తి తీతలు అయిపోకముందే గడ్డ మళ్ళీ వచ్చింది.

గుంటూరు డాక్టరు పెద్దాయన. అద్దాలు తీసి, తుడిచి, మళ్ళీ పెట్టుకుని చెప్పాడు.

"ఎర్ర మందు మీ ఒళ్ళు ఎంత పట్టగలదో అంతా పట్టేసిందమ్మా. ఇక జన్మలో దాని జోలికి పోకూడదు. గుండె మోయలేదు. వేరే మందు పెట్టి చూద్దాం. నయమవుతుందని మాట మాత్రం ఇవ్వలేను."

అంకమ్మరావు అంతా విన్నాడు. కొట్టులో బేరం కుదరని మనిషిలా లేచాడు. ఆ ఆస్పత్రి కాగితాలన్నీ ఇంటికెళ్ళి అటక మీదికి విసిరేశాడు.

"పట్టని మందిచ్చి, ఇప్పుడు ఇంకో డబ్బా చూపిస్తన్నాడు. గుండె లేదు, గాడిదగుడ్డు లేదు. మందు మంచిదే, అక్కడిది నకిలీ సరుకు. ఒంగోలు పోదాం."

"గుండె మొయ్యదన్నాడుగా, ఏవయ్యా?"

"నన్నే మోసింది నీ గుండె. ఇంత మందును మొయ్యదా?"

రాజ్యం నవ్వింది. నవ్వకుండా ఉండాల్సింది. ఆ ఒక్క నవ్వుతో అతని మాట చెల్లుబాటైపోయింది.

ఒంగోలు బస్సు చీమకుర్తి దగ్గర నత్తలా నడిచింది. ముందు లారీలు, లారీల మీద నల్లరాళ్ళు. ఇల్లంత రాళ్ళు గొలుసులు తెంచుకుని మీద పడతాయేమోనని ఆమె చూస్తూ ఉంది. అతను చెవిలో ఇల్లు కట్టుకుని చెబుతూ ఉన్నాడు.

"పాతదేం చెప్పమాక. గడ్డ చూపించు. ఊరుకో."

ఊరుకో — ఆ మాట ఆమెకు కొత్త కాదు.

ఒంగోలు ఆస్పత్రిలో డాక్టరమ్మ చల్లని వేళ్ళతో గడ్డను తడిమింది. వెనక ఇద్దరు ముగ్గురు చదువుకునే డాక్టర్లు నిలబడ్డారు.

"ఇంతకు ముందు ఎక్కడైనా కీమో తీసుకున్నారా?"

"లేదండి," అన్నాడు అంకమ్మరావు.

"మిమ్మల్ని కాదు. ఆమెను చెప్పనివ్వండి."

 రాజ్యానికి గుంటూరు పెద్దాయన మాట గొంతుదాకా వచ్చింది. పక్కన మొగుడి చెప్పు నేల మీద ఒకసారి గీరుకుంది.

"లేదండి."

"మరి జుట్టేంటమ్మా ఇంత పొట్టిగా?"

"కోటప్పకొండ మొక్కండి."

అదీ ఆడేసింది. దేవుడి మీద పెట్టి మరీ ఆడేసింది. అంత చక్కగా అబద్ధం వచ్చేసరికి ఆమెకే ఆశ్చర్యం వేసింది. మొగుడు గర్వంగా చూశాడు.

డాక్టరమ్మ వెనక్కి తిరిగి పిల్ల డాక్టర్లకు చెప్పింది.

"కీమో నైవ్. రాసుకోండి. నైవ్ అంటే మామూలు ఇంగ్లీషులో లోకం తెలియనివాళ్ళు. మనం ఆ అర్థంలో వాడం. ఈ మందు ఒక్కసారి కూడా ఒంట్లోకి వెళ్ళని మనిషి అని అర్థం. ఒక్క డోసు వెళ్ళినా సరే, ఎన్నేళ్ళ క్రితం వెళ్ళినా సరే, ఆ మనిషికి ఇక ఈ మాట వాడకూడదు. పోయిందంటే తిరిగి రాదు. ఎందుకింత పట్టింపంటే... ఈ మాట రాసి ఉంటే ఎర్ర మందు పూర్తి డోసులో ధైర్యంగా మొదలుపెట్టేస్తాం."

"నన్నేమన్నారండీ?" అని అడిగింది రాజ్యం.

డాక్టరమ్మ నవ్వింది. "మీ ఒళ్ళు మందు ఎరగదమ్మా. కొత్త ఒళ్ళు. మందు బాగా పట్టుకుంటుంది."

కొత్త ఒళ్ళు.

ఎంత బాగుందో ఆ మాట. ఆమె ఒంటిని పొగిడినవాళ్ళు ఎవరూ లేరు. కలుపుకు వంగిన ఒళ్ళు. కాయ కోతకు వంగిన ఒళ్ళు. మిరప మంటకు కమిలిన చేతులు. ఎవరో చదువుకున్నావిడ వచ్చి, చల్లని చేత్తో తాకి, కొత్తది అంది.

రాజ్యానికి ఆ మాట మీద మనసు పడింది. ఇది చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంటుంది గానీ, పడింది.

ఆమెకు ఆ మాట అర్థం కాక కాదు. మిరప చేలో పుట్టి పెరిగిన మనిషి. మందు ఎరగని చేను ఎలా ఉంటుందో ఆమెకు తెలుసు. కొత్త మందు ఊళ్ళోకి వచ్చిన మొదటి ఏడు ఒక్క పిచికారీకే పురుగు రాలిపోతుంది. ఆకు విచ్చుకుంటుంది. ఆ ఏడు మొగాళ్ళు మీసాలు తిప్పుతారు. మరుసటి ఏడు అదే డబ్బా, అదే చేను... పురుగు ఆకు మీద కూర్చుని చూస్తూ ఉంటుంది. చేను ఒకసారి ఎరిగాక మళ్ళీ ఎరగనట్టు ఉండలేదు. అది తెలిసీ, కొత్తదాన్నేనేమో అనుకుంది. అనుకోవాలని అనుకుంది. ఆశ ఎంత నీచమైనదో చూడండి — బతికించే అబద్ధాన్నీ చంపే అబద్ధాన్నీ ఒక్కలాగే ముద్దు చేస్తుంది.

మందు ఎక్కించే రోజు వచ్చింది.

మంచం. సెలైన్ వాసన. నర్సు పేరు లిడియా, గుండ్రటి మొహం, చేతిలో ట్రే. ట్రేలో ఎర్ర సిరంజి.

ఒళ్ళు గుర్తుపట్టేసింది.

సూది ఇంకా గుచ్చనే లేదు. ఒక్క చుక్క ఎక్కలేదు.  రాజ్యం మంచం అంచు పట్టుకుని భళ్ళున కక్కేసింది. నోట్లో ఇనుప రుచి... ఎక్కని మందు రుచి, ఎప్పటిదో రుచి, నాలుక దాచుకున్న రుచి.

లిడియా ట్రే పక్కన పెట్టి మూతి తుడిచింది. మణికట్టు తిప్పి చూసింది. నరం పొడవునా సన్నటి నల్ల చార, పాత మందు మిగిల్చిన గుర్తు.

"కొత్తవాళ్ళు మందెక్కాక కక్కుతారక్కా. నువ్వేంది, చూడంగానే కక్కావు?"

"బస్సు పడదమ్మా ఈవిడకి," అన్నాడు అంకమ్మరావు తలుపు దగ్గర నుంచి.

లిడియా అతని వంక చూడలేదు. వంగి, రాజ్యానికి మాత్రమే వినబడేట్టు అడిగింది. "అక్కా, నిజం చెప్పు. ఇది ముందెప్పుడన్నా ఎక్కిందా? నేనెవర్నీ ఏమీ అనను. డాక్టరమ్మతో నేనే మెల్లిగా చెబుతా. ఎక్కుంటే మాత్రం గుండెకు చానా ప్రమాదం."

అడిగిన గొంతులో కోపం లేదు. అదే కష్టమైపోయింది. తిడితే నిజం వచ్చేసేదేమో.

రాజ్యం చెప్పాలనుకుంది. నిజంగానే అనుకుంది. చెబితే డాక్టరమ్మ మొహం మారుతుంది. కొత్త ఒళ్ళు పాతదైపోతుంది. కోటప్పకొండ అబద్ధం అందరి ముందూ పడుతుంది. గుంటూరు పెద్దాయన మాట మళ్ళీ వినాలి... మాట ఇవ్వలేను, మాట ఇవ్వలేను. తలుపు దగ్గర మొగుడు చేతులు కట్టుకుని నిలబడ్డాడు. అతని మొహంలో దొంగతనం లేదు, ఆత్రం ఉంది. ఆమె బతకాలనే ఆత్రమే. పాడు మనిషి అయ్యుంటే ఎదిరించేది.

"బస్సేనమ్మా," అంది.

 పక్క మంచం మనిషి నీళ్ళడిగితే లిడియా ఇచ్చొచ్చింది. వచ్చి సూది గుచ్చింది.

చల్లగా పోయింది ఎరుపు.

"మూత్రం ఎర్రగా వస్తుంది, భయపడమాకు," అని చెప్పింది వెళ్ళేటప్పుడు. రాజ్యం కళ్ళు పెద్దవి చేసి భయం నటించింది. తెలిసినదానికి తెలియనట్టు భయపడటం ఎంత కష్టమో ఆ రోజు తెలిసింది ఆమెకు.

గడ్డ కరిగింది.

అవును, కరిగింది. కరగకపోయినా బాగుండేది. నిమ్మకాయంత గడ్డ చింతగింజంతైంది. అంకమ్మరావు అరిచేత్తో తడిమి తడిమి చూసుకున్నాడు. దర్శి బజారులో కొట్టు కొట్టుకీ తిరిగి చెప్పాడు — "మందు మంచిదేనయ్యా! గుంటూరోడిదే నకిలీ!" కొట్లవాళ్ళు తలలూపారు. వాళ్ళకు తెలిసిన లోకంలో అది నిజమే. మళ్ళీ ఎక్కించారు. ఆ పైన మళ్ళీ. ప్రతిసారీ రాజ్యం ముందే కక్కేది, ప్రతిసారీ బస్సు మీద పెట్టేవాళ్ళు. లిడియా మరి అడగలేదు.

కళ్ళాల మీద మిరపకాయ ఆరబోసే రోజుల్లో ఆమె పాదాలు వాచాయి.

వేలితో నొక్కితే గుంట పడి, చాలాసేపటిదాకా పూడేది కాదు. పొయ్యి దగ్గర నుంచి వాకిట్లోకి వచ్చేసరికి ఊపిరి అందేది కాదు. వెల్లకిలా పడుకుంటే ఛాతీ మీద ఎవరో కూర్చున్నట్టు... గోడకు ఆనుకుని కూర్చునే కునికేది.

"గుండెనయ్యా ఇది," అంది.

"అయితే గుండె డాక్టరు దగ్గిరికి పోదాం. పురుగు వేరైతే కొట్టు వేరు." చొక్కా తొడుక్కున్నాడు. "ఒంగోలు సంగతి అక్కడ ఎత్తమాక. ఊపిరాడట్లేదని చెప్పు. అంతే."

ఈసారి ఆమె నవ్వలేదు. ఒద్దనీ అనలేదు.

మళ్ళీ రాలిపోయిన జుట్టు కనబడకుండా రాజ్యం తల నిండా కొంగు కప్పుకుని పోయింది. నరసరావుపేటలో గుండె డాక్టరు కుర్రాడు. ఛాతీ మీద చల్లటి జిగురు రాసి, యంత్రం ఆనించి, తెర వంక చూశాడు. తెర మీద ఆమె గుండె. అలిసిపోయిన మనిషి చేటతో చెరిగినట్టు మెల్లగా, బద్ధకంగా ఊగుతోంది. అతను యంత్రాన్ని అటూ ఇటూ జరిపి మళ్ళీ చూశాడు.

"బీపీ లేదు. షుగర్ లేదు. గుండె ఇంత వదులుగా ఎందుకయింది?" అన్నాడు తనలో తనే. తర్వాత ఆమె వైపు తిరిగాడు. "అమ్మా, బాగా గుర్తు తెచ్చుకుని చెప్పండి. బలమైన మందులేమైనా ఎక్కించుకున్నారా, ఎక్కడైనా? అది తెలిస్తే ఏం ఆపాలో, ఏం ఇవ్వాలో నాకు తెలుస్తుంది. ఇంకా దారి ఉంటుంది."

ఇంకా దారి ఉంటుంది.

ఈసారి అంకమ్మరావు ముందుకు దూకి జవాబు చెప్పలేదు. రాజ్యం తల తిప్పి అతని మొహం చూసింది. ఆ కళ్ళలో ధీమా లేదు. వట్టిపోయి ఉన్నాయి.

తెలిసిపోయింది అతనికి.

ఎప్పుడు తెలిసిందో. పాదం మీద గుంట పూడని రోజున కావచ్చు. బజారులో గొప్పలు చెప్పి ఇంటికొచ్చిన సాయంత్రమే కావచ్చు. తెలిసే తీసుకొచ్చాడు. తెలిసే చెప్పొద్దన్నాడు. ఇప్పుడామె నిజం చెబితే అది అతని మీదికి వస్తుంది, ఆ కుర్ర డాక్టరు ముందు, ఊరి ముందు, జన్మంతా. అతని తల కొంచెం, అతి కొంచెం, అడ్డంగా ఊగింది.

ఆమె ప్రాణం ఒక పక్క. అతని మొహం ఒక పక్క. ఎంచుకోమంది ఎవరు? ఎవరూ కాదు. ఎంచుకోవడం ఆమెకు ఎవరూ నేర్పలేదు కూడా.

"లేదండి," అంది.

కుర్ర డాక్టరు నిట్టూర్చి, జిగురు తుడుచుకోమని కాగితం ఇచ్చాడు. ఏవో మాత్రలు రాశాడు.

బయట వరండాలో చెక్క బల్ల. అంకమ్మరావు ఆమెను కూర్చోబెట్టి వీపు నిమిరాడు. నలుగురిలో అతను ఆమెను తాకడం అదే మొదలు. చెయ్యి వెచ్చగా ఉంది.  పక్కన జనం, టోకెన్ నంబర్లు పిలిచే అమ్మాయి, ఎదురుగా డాక్టరు గది తలుపు తెరిచే ఉంది.

రాజ్యం నోరు తెరిచింది.

వీపు మీద చెయ్యి ఆగిపోయింది. అంకమ్మరావు తెరిచి ఉన్న తలుపు వంక, ఆమె నోటి వంక బెదిరిపోయి చూశాడు. "ఊరుకో రాజ్యం... ఊరుకో," అన్నాడు.

ఆమె నోరు తెరిచింది ఊపిరి కోసం.