కుక్కరు పెట్టొద్దన్న పూట

ఫ్యాను ఆపమన్నారు, ఆపారు. పక్కింటి రేడియో కట్టేయించారు. చివరికి కుక్కరు కూడా పెట్టొద్దనేసరికి దాలమ్మకు ఒళ్ళు మండింది.

"కూతొత్తే ఈళ్ళ సినిమాకి ఏటవుద్దే? మజ్జాన్నం నా కొడుకు వర్క్‌షాపు నించొచ్చి ఏటి తింతాడు, గాలా?"

"ఒక్క గంట ఓర్చుకోండత్తా," అంది కోడలు భ్రమరాంబ.

చిన్నప్పుడు సినిమాల్లో నటించిన పిల్లలు తర్వాత ఏమయ్యారో ఢిల్లీ నుంచి వచ్చిన సుభద్ర డాక్యుమెంటరీ తీస్తోంది. రాయపూర్ రైల్వే క్వార్టర్స్ దాకా వెతుక్కుంటూ వస్తే, భ్రమరాంబ మొదట కుదరదనేసింది. తర్వాత ఆలోచించి ఒప్పుకుంది.

తండ్రి పోయాడని టెలిగ్రాం వచ్చిన రోజు కాలనీ ఆడవాళ్ళు వచ్చి రాగాలు తీసి ఏడుస్తుంటే, కన్నకూతురు మాత్రం వాళ్ళకు చాపలు పరిచింది. "మా కోడలిది రాతిగుండె" అని దాలమ్మ ఈనాటికీ అంటూనే ఉంటుంది. అత్తగారి ముఖాన చెప్పలేనిది కెమెరాకు చెబితే, వంటింట్లో ఉన్న మనిషి చెవిన పడకపోదు గదా అనుకుంది భ్రమరాంబ.

"మద్రాసులో షూటింగు. నాకు ఆరేళ్ళు. ఏడవమంటే ఏడుపు రావడం లేదు. డైరెక్టరుగారు దగ్గరకొచ్చి, మీ నాన్న లారీ కింద పడి పోయాడమ్మా అన్నారు. వెక్కి వెక్కి ఏడ్చాను. షాట్ అయ్యాక అందరూ చప్పట్లు కొట్టారు. లైటు వెనక నుంచి మా నాన్న బిస్కెట్ల పొట్లం పట్టుకుని వచ్చాడు. అంతసేపూ అక్కడే నిలబడి చూస్తున్నాడు."

వంటింట్లో గిన్నెల చప్పుడు ఆగింది.

"నిజంగా పోయినప్పుడు కూడా ఏ లైటు వెనకో ఉన్నాడనిపించింది. ఇంకాసేపట్లో వస్తాడని చూస్తూ కూర్చున్నాను. ఏడుపు రాలేదు."

సుభద్ర కళ్ళు తుడుచుకుంది. కెమెరామన్ హిందీలో ఏదో గొణిగాడు.

"ఆంటీజీ, మధ్యలో ఇంజన్ కూత పడిందట. ప్లీజ్, లారీ దగ్గర్నుంచి మళ్ళీ ఒక్కసారి. గొంతు వణికింది చూడండి, అక్కడ కొంచెం ఆగండి."

భ్రమరాంబ పమిట సర్దుకుని లైటు వైపు తిరిగింది.

"బస్, ఇంక సాలు!" దాలమ్మ గుమ్మంలోకి వచ్చింది. "ఏటమ్మా, ఆ మడిసిని ఇంకెన్నిమార్లు సంపుతారు?" గోడ దగ్గరికి నడిచి ఫ్యాను స్విచ్చి వేసింది. "నువ్వు లెగవే. ఉల్లిపాయలు తరుగుదువుగాని, రా."

కత్తిపీట ముందు కూర్చున్న కోడలి వైపు ఆమె చూడలేదు. వంటింటి తలుపు మూసి, కుక్కరు పొయ్యి మీద పెట్టింది. కూత మీద కూత వస్తున్నా మంట తగ్గించలేదు.