భద్రమ్మ తీయించిన పత్తాల ఆట

నార్కట్‌పల్లి చౌరస్తా వెనక వాడలో బక్కయ్య ఇల్లంటే ఒకటే వాకిలి, రెండు పొయ్యిలు. ఇవతల రెండు అర్రలు పెద్దకొడుకు జానయ్యవి, అవతల రెండు చిన్నకొడుకు దశరథానివి. ముసలాయన మాత్రం ఒక నెల పెద్దోడి వంతు, ఒక నెల చిన్నోడి వంతు. భార్య సైదమ్మ పోయిన నాటి నుంచీ ఇదే పద్ధతి. ఎవరూ పేచీ పెట్టింది లేదు.

పెద్దకోడలు భద్రమ్మ వంతులో ఉండగానే బక్కయ్యకు పక్షవాతం వచ్చి కుడిచెయ్యి పడిపోయింది. ఎడమచేత్తో అన్నం తినమంటే ఆయన కంచం అవతలికి నెట్టేశాడు. అప్పుడు భద్రమ్మే ముందుకు జరిగి, కొంగు తలమీదికి లాక్కుని, ముద్ద చేసి మామ నోటికి అందించింది. నెల తిరిగాక చిన్నకోడలు యాదలక్ష్మి వచ్చి, "మామను మా దిక్కు తోల్కపోత అక్కా, ఇగ మా వంతు గద" అంటే భద్రమ్మ ఒప్పుకోలేదు.

"చెయ్యి పడిపోయిన మనిషిని అటిటు తిప్పుతరా? చెయ్యి వచ్చేదాంక నా తాన్నే ఉండనియ్యి" అంది.

చెయ్యి వస్తుందని ఎవరికీ ఆశ లేదు కాబట్టి ఆ మాటకు గడువూ లేదు. అలా ఏడాది గడిచింది. మూడుపూటలా భద్రమ్మే తినిపించింది. నల్లా దగ్గరా, కిరాణా దుకాణంలోనూ ఆమె పేరే. కోడలంటే భద్రమ్మ లెక్క ఉండాలె అన్నారు అందరూ. ఎనిమిదేండ్లుగా ఆ ఇంట్లో ఏ మంచిమాటయినా ఇంటర్ పాసయిన యాదలక్ష్మికే దక్కుతూ వచ్చింది. రెండో తరగతితో బడి మానేసిన భద్రమ్మకు ఇది మొదటి పేరు. దాన్ని ఆమె పెట్టెలో పట్టుచీరలాగా దాచుకుంది.

అంతలో కంప్యూటరు వచ్చింది. తొంభై తొమ్మిదో సంవత్సరం. దశరథం లారీ ట్రాన్స్‌పోర్టు ఆఫీసులో టైపు పని చేస్తాడు. ఇంట్లో కూడా పని చేసుకోవచ్చని హైదరాబాదు నుంచి రెండు అట్టపెట్టెల్లో దాన్ని దింపించాడు. వాడంతా వచ్చి చూసింది. భద్రమ్మ ఒక్కతే వాకిట్లో చాటలో కందిపప్పు చెరుగుతూ కూర్చుంది. చూసినట్టు కనబడకుండా మొత్తం చూసింది.

అది ఆమె జోలికి రానంతకాలం బాగానే ఉంది. కానీ నెల తిరక్కముందే, పగటి అన్నం తినగానే బక్కయ్య కట్టె పట్టుకుని మెల్లగా వాకిలి దాటి చిన్నకొడుకు అర్రలోకి పోవడం మొదలుపెట్టాడు. పోయినవాడు దీపాలు పెట్టే యాళ్లకు గానీ రాడు. లోపలి నుంచి టిక్కు టిక్కు చప్పుడు, నడుమ నడుమ నవ్వు. మామ నవ్వు. ఏడాదిలో తన అరుగు మీద ఒక్కనాడు వినబడని నవ్వు.

భద్రమ్మకు కడుపులో మంట లేచింది. అన్నం నా చేత, నవ్వు దాని తాననా అనుకుంది. ఒకరోజు ఆగలేక, పెరుగు తోడు అడిగే వంకతో గిన్నె పట్టుకుని పోయింది. తలుపు ఓరగా ఉంది. తెర మీద పత్తాలు, అచ్చం పేకముక్కలే, వరసలు కట్టి ఉన్నాయి. బక్కయ్య కుర్చీలో ముందుకు వంగి కూర్చున్నాడు. పక్కన యాదలక్ష్మి నిలబడి, "ఆ ఎర్ర రాజు మీదికి నల్ల రాణిని గుంజు మామా, గట్లనే" అంటోంది. ఆమె కొంగు చాటున ఆయన చేతులు కనబడలేదు. ఆట గెలిచినట్టుంది, పత్తాలన్నీ తెర మీద ఎగిరెగిరి పడ్డాయి. ముసలాయన చిన్నపిల్లాడిలా నవ్వాడు.

భద్రమ్మ తోడు అడగకుండానే వెనక్కి వచ్చేసింది. ఖాళీ గిన్నెను పొయ్యి పక్కన ధడేల్న పెట్టింది.

బక్కయ్య ఒకప్పుడు పత్తాలకు పేరుపడ్డ మనిషి. లారీలు ఆగే చోట టార్పాలిన్ పట్టా పరుచుకుని ఆడితే తిండి గుర్తుండేది కాదు. సైదమ్మ పోతూ పోతూ ఆయన కుడిచేతిని తన చేతిలో పెట్టించుకుని, ఇక పత్తాలు ముట్టనని ఒట్టు వేయించుకుంది. ఆరేండ్లు ఆయన ఆ ఒట్టు మీదే ఉన్నాడు. ఇప్పుడు యాదలక్ష్మి, "నువ్వు ముట్టేది మౌసు, పత్తాలు గాదు మామా" అని నచ్చజెప్పిందట. జానయ్య ఈ సంగతి నవ్వుతూ చెప్పాడు. భద్రమ్మ నవ్వలేదు. ఆ ఒట్టు ఆమెకు మంచి ఆసరాగా దొరికింది. మనసులో ఉన్నది ఓర్వలేనితనమైతే, నోటికి మాత్రం అత్త ఒట్టు వచ్చింది.

వారం తిరక్కుండా సందు కూడా దొరికింది. కంప్యూటరు నత్తనడక నడుస్తోందని దశరథం బస్టాండు దగ్గర టీవీలూ కంప్యూటర్లూ బాగుచేసే షరీఫ్‌ను రమ్మన్నాడు. కొనేటప్పుడే దాని కడుపులో పెట్టి పంపిన పనికిరానివన్నీ తీసెయ్యమని కాగితం మీద రాసిపెట్టి తాను ఆఫీసుకు పోయాడు. యాదలక్ష్మికి ఆనాడు డ్వాక్రా సంఘం మీటింగు. "జర ఆ పిల్లగాడు వస్తే తలుపు తియ్యి అక్కా" అని తాళంచెవి భద్రమ్మ చేతికిచ్చిపోయింది. బక్కయ్య అరుగు మీద కునుకు తీస్తున్నాడు.

షరీఫ్ కాగితం ముందర పెట్టుకుని కూర్చున్నాడు. భద్రమ్మ చాయ్ తెచ్చి పెట్టి గోడకు ఆనుకుని నిలబడింది.

"ఏమేం తీస్తవు?" అంది.

"చాలున్నయి వదినె. ఆన్ చెయ్యంగనే మోగే సంగీతం. పని లేనప్పుడు తెర మీద పాకే పైపులు. ఈ పక్కకున్న పట్టీ, ఇంటర్నెట్‌ది. ఫోన్ లైనే లేని ఇంట్ల ఇదెందుకు? ఊకె జాగా తింటయి, మిషిన్‌ను నడవనియ్యవు."

ఒక్కొక్కటే తీసేస్తూ పోయాడు. సంగీతం పోయింది. పైపులు పోయాయి. పక్కనున్న పట్టీ మాయమైంది. అంత పెద్ద పెట్టెలోంచి ఇంత తేలిగ్గా తీసెయ్యొచ్చని భద్రమ్మకు అప్పుడే తెలిసింది.

"కాయితం మీద పత్తాల ఆట లేదా?" అంది.

"లేదు వదినె."

"రాసుడు మర్సిపోయిండు కావచ్చు. అది గూడ తీసెయ్యి. మా మామ ఒట్టేసి ఇడిసిన ఆట అది. ఇంట్ల ఉండొద్దు."

"దశరథం అన్న అన్నడా?"

"అన్నడు" అంది భద్రమ్మ. అబద్ధం ఎంత సాఫీగా వచ్చిందో ఆమెకే ఆశ్చర్యం వేసింది.

షరీఫ్ ఇంకో కిటికీ తెరిచాడు. లోపలి సామాన్లన్నీ వరసగా రాసి ఉన్నాయి, ఒక్కోదాని ముందు ఒక చిన్న గడి, గడిలో టిక్కు. ఆటలు అన్న చోట టిక్కు తీసి ఒక బటన్ నొక్కాడు. "అయిపోయింది. మల్ల గావాలంటే సీడీ పెట్టాలె" అన్నాడు. భద్రమ్మ అతనికి ఇంకో గ్లాసు చాయ్ పోసింది.

మర్నాడు బక్కయ్య ఎప్పటిలాగే కట్టె పట్టుకుని పోయాడు. పావుగంటలో తిరిగి వచ్చాడు. అరుగు మీద గోడకు చేరబడి కూర్చుని, కుడిచేతిని తువ్వాల కింద దాచుకున్నాడు. ఆ పూట భద్రమ్మ పప్పులో నెయ్యి ఎక్కువ వేసింది. మామ మళ్లీ తన అరుగు మీద, తన కళ్ల ముందర ఉన్నాడు. రెండు రోజులు ఆమెకు పండగే. కానీ మామ తినేది తగ్గింది, మాట పూర్తిగా ఆగిపోయింది. మూడోనాడు ముద్ద అందిస్తూ అడిగింది.

"ఆ దిక్కు పోతలెవ్వేంది మామా?"

ఆయన అవతలి అర్ర వైపు చూశాడు. "మీ అత్త గుంజుకున్నది బిడ్డా. ఒట్టు దప్పిన గద. మిషిన్ మంచిగనే నడుస్తున్నది, సీదా ఆ ఆటనే మాయమైంది. ఆమె గాక ఎవరు తీస్తరు?"

భద్రమ్మ చేతిలో ముద్ద ఆగింది. చెప్పడానికి అదే సమయం. నేను తీయించిన అంటే ఒక్క మాటతో అయిపోయేది. కానీ ఆ ఒక్క మాటతో మామ మళ్లీ అవతలి అర్రకు పోతాడు.

"అత్తకు నచ్చలే కావచ్చు మామా" అంది, కళ్లు కంచంలో పెట్టుకుని.

ఇంకో రెండు రోజులకు యాదలక్ష్మి వచ్చింది. భద్రమ్మ పెరట్లో అంట్లు తోముతోంది. యాదలక్ష్మి గొంతు తగ్గించి మాట్లాడింది.

"షరీఫ్‌ను పిలిచి ఆటను మల్ల ఎక్కిచ్చిన అక్కా. ఎవరు తీయమన్నరో ఆయన చెప్పిండు. నేను ఎవరికి చెప్పలే. మీ మరిదికి గూడ చెప్పలే."

భద్రమ్మ గిన్నె తోముతూనే ఉంది.

"నీకొక ముచ్చట తెల్వది. దవాఖానల డాక్టర్ మామను రోజు రబ్బరు బంతి పిసుకమన్నడు, యాదికుందా? నలుగురు చూస్తరని సిగ్గుపడి పిసుకకపాయె. ఈ ఆటకు పడ్డంక కుడిచెయ్యి మౌసు మీద పెట్టిండు. మొదట్ల నేనే చెయ్యి పట్టి జరిపేదాన్ని. ఆట పోకముందు వారం నుంచి తనే జరుపుతుండె, వేలు తనే నొక్కుతుండె. నీకు చెప్పొద్దన్నడు. ముద్ద తన చేత్తోని ఎత్తే రోజు, నీ ముందర్నే కూసోని తింటనన్నడు. ఇప్పుడు రమ్మంటే రాడు. అత్తకు కోపమొచ్చిందంటడు. వేళ్లు మల్ల బిగుసుకపోతున్నయి అక్కా. చెప్పినా చెప్పకపోయినా నీ ఇష్టం."

అనేసి యాదలక్ష్మి వెళ్లిపోయింది. తిట్టి ఉంటే బాగుండేది. తిడితే తిరిగి తిట్టొచ్చు, తన తప్పు సగం కొట్టుకుపోయేది. ఇలా తనకు నెమ్మదిగా చెప్పి, మిగతావాళ్లకు చెప్పకుండా దాచడంతో, ఇందులోనూ యాదలక్ష్మిదే పైచెయ్యి అయింది. భద్రమ్మకు సిగ్గు తర్వాత వచ్చింది. ముందు వచ్చింది మళ్లీ ఆ మంటే. తినిపించేది నేనైతే రహస్యం దానికా చెప్పేది అనుకుంది. ఆ తర్వాత, తోమిన గిన్నెనే మళ్లీ తోముతూ ఉండగా, ఇంకో సంగతి తట్టి ఆమె చేతులు ఆగిపోయాయి. చెయ్యి వచ్చేదాంక నా తాన్నే ఉండనియ్యి అని తానే అన్నది. చెయ్యి వస్తే వంతులు మళ్లీ మొదలవుతాయి. నెల తిరగ్గానే మామ కంచం అవతలి పొయ్యికి పోతుంది. అంటే ఇన్నాళ్లూ ఆ చెయ్యి బాగుపడొద్దనే తాను కోరుకుందా? కోరుకోలేదని తనకు తాను చెప్పుకోబోయింది, కానీ చెప్పుకోలేకపోయింది.

ఆ సాయంత్రం జానయ్య పొలం నుంచి రాకముందే మామకు అన్నం పెట్టింది. పప్పు కలిపింది. ముద్ద చేయలేదు.

"అత్త తియ్యలే మామా" అంది. "నేనే తీయించిన. షరీఫ్‌కు అబద్ధం చెప్పిన."

బక్కయ్య తలెత్తాడు. ఆయన ముఖంలో కోపం కోసం ఆమె వెతికింది. కనబడలేదు. కోపం లేకపోవడం ఇంకా కష్టంగా ఉంది.

"ఎందుకు బిడ్డా?"

"ఓర్వలేక." కొంగుతో ముక్కు తుడుచుకుంది. "ఆడ కూసోని నవ్వుతవు. ఏడాది సంది నా చేత తింటున్నవు, నా తాన ఒక్కనాడన్న నవ్వినవా?"

ముసలాయన కంచం వైపు చూశాడు. రోడ్డు మీద లారీ ఒకటి హారను కొట్టుకుంటూ పోయింది.

"నోట్లె నీ ముద్ద పెట్టుకోని ఎట్ల నవ్వాలె బిడ్డా?" అన్నాడు. "పసిపోరని లెక్క నోరు తెరుస్తుంటే నాకు ఏడుపొచ్చేది. నువ్వు చూస్తవని మింగేది."

ఇన్నాళ్లూ వాడంతా మెచ్చుకున్న ముద్దలు అవే.

"సైదమ్మకు కోపం లేదన్నట్టే గద?" అన్నాడు ఆయన.

"లేదు మామా. కోపం నాదే."

బక్కయ్య తువ్వాల తీసి పక్కన పెట్టాడు. కుడిచెయ్యి మెల్లగా లేచి, వణుకుతూ కంచం అంచు మీద వాలింది. వేళ్లు అన్నంలోకి పోయాయి. బొటనవేలు దగ్గరికి రానని మొండికేసింది. మూడుసార్లు ప్రయత్నించాక చిన్న ముద్ద లేచింది. దారిలోనే సగం ధోతి మీద రాలింది. మిగిలిన సగం నోటిదాకా చేరింది. ఆయన కళ్లు మూసుకుని నమిలాడు. మళ్లీ చెయ్యి కంచంలో పెట్టాడు.

భద్రమ్మ తన రెండు చేతులనూ ఒడిలో గట్టిగా పట్టుకుని కూర్చుంది. రాలిన మెతుకులు ఏరాలని, ముద్ద అందుకోవాలని ఆ చేతులు గుంజుతున్నాయి. ఇప్పుడు ఆమెకు యాదలక్ష్మి మీద ఏ కుళ్లూ లేదు. కంప్యూటరు మీద కూడా లేదు. ఆమె కుళ్లంతా ఆ వణికే చెయ్యి మీదనే. ఇంకో ముద్ద జారి పడితే బాగుండునని ఒక్క క్షణం అనిపించింది కూడా. పడింది. ఆయన ఆమె వైపు చూశాడు.

భద్రమ్మ చెయ్యి చాపలేదు. కంచాన్ని మాత్రం కొంచెం ఆయన దగ్గరికి జరిపింది.