హెల్మా విప్పేసిన ఏప్రన్

నేను ఒక తెల్లటి ఏప్రన్‌ని. హాంబర్గ్‌లోని ఒక సినిమా స్టూడియోలో, దుస్తుల గదిలో పనిచేసే ట్రూడె నన్ను కుట్టింది. అంచుల చుట్టూ కుచ్చులు, వెనక పెద్ద ముడి. ఇంత చక్కటి ఏప్రన్లు సినిమాల్లోని పనిమనుషులకే ఉంటాయి. నిజంగా అంట్లు తోమేవాళ్లకు ఎక్కడివి?

నన్ను మొదట కట్టుకున్నది హెల్మా. పదేళ్లు నాటకాల్లో రాణి వేషాలు వేసి, 1953లో సినిమాలకు వచ్చింది. తొలి సినిమాలో కాఫీ ట్రే తెచ్చిపెట్టి, యజమానురాలిని ఓరకంట ఒక్క చూపు చూసింది. హాలు హాలంతా పగలబడి నవ్విందట. ఆ నవ్వే ఆమె కొంప ముంచింది. తరువాతి ఎనిమిదేళ్లలో ఇరవై ఆరు సినిమాలు చేసింది. యజమానులు మారారు, గోడల రంగులు మారాయి. ఆమె చేతిలో ట్రే, నడుముకి నేను మాత్రం మారలేదు. ప్రతిసారీ నన్ను ఇంకాస్త బిగించి ముడి వేసేది.

ఒకసారి ఒక మంచి పాత్ర వచ్చింది. కొడుకు కోసం కోర్టులో నోరు విప్పే తల్లి. హెల్మా వెళ్లి దర్శకుడు కెస్లర్‌ని అడిగింది. చేసి చూపించమన్నాడు. నన్ను విప్పి కుర్చీ మీద వేసి, ఆ తల్లి మాటలన్నీ చెప్పింది. దీపాలు పట్టుకునే ముసలాయన కళ్లు తుడుచుకున్నాడు.

"చాలా బాగా చేశావు హెల్మా, అబద్ధం చెప్పను," అన్నాడు కెస్లర్. "కానీ నువ్వు తెర మీదికి రాగానే జనం ట్రే ఏదీ అని వెతుకుతారు."

"ఆ ట్రే నా చేతికిచ్చింది మీరే కదా సార్."

"నేనే. అందుకే చెప్తున్నాను."

ఆ పాత్ర ఇంకొకరికి వెళ్లింది. ఆ తల్లి ఇంట్లో పనిమనిషి వేషం హెల్మాకి వచ్చింది. షూటింగ్‌లో తల్లి వేషం వేసిన నటి ఒకే మాట దగ్గర మూడుసార్లు తడబడింది. నాలుగోసారి వెనక నుంచి హెల్మా ఆ మాట అందించింది. నెమ్మదిగానే, కానీ ఎలా చెప్పాలో అలా. సెట్టంతా ఆమె వైపు తిరిగింది.

"నీ మాట ఒక్కటే హెల్మా. 'కాఫీ తెచ్చానమ్మా', అంతే," అన్నాడు కెస్లర్ విసుగ్గా.

ఆమె ట్రేని బల్ల మీద పెట్టింది. నా ముడి విప్పి కుర్చీకి తగిలించింది. "కాఫీ అక్కడుంది సార్," అని చెప్పి వెళ్లిపోయింది. గంట తిరక్కుండానే నన్ను ఇంకో అమ్మాయి నడుముకి కట్టారు.

ఏడాది తరువాత ఒక మధ్యాహ్నం ట్రూడె నన్ను ఇస్త్రీ చేస్తోంది. రేడియోలో నాటకం మొదలైంది. "సినిమాల్లో పనిమనిషిగా మీ అందరికీ తెలిసిన హెల్మా ఇప్పుడు రాణిగా," అన్నాడు అనౌన్సరు. అక్కడ కూడా ఆ పనిమనిషి పేరు ఆమెను వదల్లేదు. రాణి కావడానికి ఆమె ఎవరికీ కనపడని చోటికి పోవాల్సి వచ్చింది.

ఆ గొంతు వినగానే ట్రూడె చేయి ఆగిపోయింది. ఇస్త్రీ పెట్టె నా మీదే ఉంది. పొగ లేచింది. ఆమె చూసింది, పెట్టె తీసి పక్కన పెట్టింది.

"పోతే పోయిందిలే," అంటూ స్టూలు లాక్కుని రేడియో ముందు కూర్చుంది.

నా నడుమ అరచేతంత చిల్లు పడింది. ఆ రోజు నుంచి నన్ను ఎవరి నడుముకీ కట్టలేదు.